కుదురుగా దిగిన మాటలు

(విజయవాడలోని ఒక గ్రంథాలయంలో, పాఠకుల సమావేశంలో ఒక రిటైర్డ్ సబ్ఎడిటర్ చేసిన ప్రసంగానికి రాతరూపం)

అందరికీ నమస్కారం.

మాట్లాడేముందు ఒక వస్తువు మీ చేతికిస్తాను. ముందు వరస నుంచి వెనక్కి పంపించండి. చూసి పక్కవాళ్లకివ్వండి. దీన్నేమంటారో తెలిసినవాళ్లు చెయ్యెత్తండి. ఇద్దరు, ముగ్గురు... అమ్మా, మీది కూడా మంగళగిరేనా? చీరాలా? సరే, మీకు తెలియకుండా ఎలా ఉంటుంది.

ఇది కండె. మాది మంగళగిరిలో మగ్గం ఇల్లు. జానెడు కూడా లేని సన్నటి పుల్ల, దాని మీద నూలు. అడుగున లావుగా మొదలై పైకి పోనుపోను సన్నబడి కొనదేలుతుంది. దీన్ని నాడెలో పెడితే, ఆ నాడె పడుగు మధ్యలో, అంటే నిలువు దారాల మధ్యలో, ఇటునుంచి అటు, అటునుంచి ఇటు పరుగెత్తుతూ పేక, అంటే అడ్డదారం, వేస్తుంది. నాకు ఏడెనిమిదేళ్లు వచ్చినప్పటి నుంచి, బడి వదలగానే ఇంట్లో నా పని కండెలు చుట్టడం. నూలు ఒకే చోట పడితే అక్కడ ఉబ్బిపోయి నాడెలో ఇరుక్కుంటుంది. అందుకని కుడిచేత్తో రాట్నం తిప్పుతూ, ఎడమచేతి రెండు వేళ్ల మధ్య నూలును కిందికీ పైకీ ఆడించాలి. అమ్మ నా వేళ్ల మీద తన వేళ్లు పెట్టి నేర్పింది. వేళ్ల సందుల్లో నూలు కోసుకుని మంట పుట్టేది.

ఇప్పుడు దీన్ని నిలబెట్టి పట్టుకుంటున్నాను. మొన తిన్నగా పైకుంది. ఏం గుర్తొస్తోంది?

(సభలోంచి ఒక పిల్లవాడు: "రాకెట్!")

అంతే నాన్నా. ఆ పోలిక నువ్వొక్కడివే చూడలేదు, కొన్ని వందల ఏళ్ల కిందట ఇటలీ వాళ్లూ చూశారు. వాళ్ల భాషలో రోక్కా అంటే నూలు వడికేటప్పుడు దూదిని చుట్టి పెట్టుకునే కర్ర. రోక్కెట్టా అంటే దాని చిన్న రూపం, మన కండెలాంటిది. మందు దట్టించి ఆకాశంలోకి వదిలే గొట్టం అచ్చం ఆ ఆకారంలో ఉందని దానికీ ఆ పేరే పెట్టారు. అదే ఇంగ్లీషులోకి వెళ్లి రాకెట్ అయింది, అక్కణ్ణుంచి మన దగ్గరికొచ్చింది. శ్రీహరికోటలో 44 మీటర్ల ఎత్తున నిలబడే పీఎస్‌ఎల్‌వీ ఉంది చూశారా, దాన్ని పిలిచే మాట ఒక నేత ఇంట్లో పుట్టింది. ఈ సంగతి నాకు నలభై ఏళ్లు దాటాక తెలిసింది. తెలిసిన ఆదివారమే మంగళగిరి వెళ్లి అమ్మకు చెప్పాను. ఆమె చేస్తున్న పని ఆపి, "మన కండేనా?" అని రెండుసార్లు అడిగింది.

అంతరిక్షం మాటలు మన ఇళ్లలోకి ఎలా వస్తాయన్నది ఈ సాయంత్రం నేనెత్తుకున్న విషయం. సైన్సు పుస్తకాల్లోంచి, పేపర్లలోంచి వస్తాయని చాలామంది అనుకుంటారు. ముప్పై ఏళ్లకు పైగా పేపర్లో కూర్చుని చూసినవాడిగా చెప్తున్నాను, అలా రావు. పైనుంచి వచ్చిన మాటకు నేలమీద ఒక పని దొరకాలి. దొరికితే ఎవరూ నేర్పకుండానే నోటికొస్తుంది. దొరకకపోతే రోజూ మొదటి పేజీలో అచ్చయినా అక్కడే ఉండిపోతుంది.

ఇది రాకెట్ల కాలంలో మొదలైన విషయం కూడా కాదు. మన రైతు నోట ఆకాశం మాటలు ఎప్పటినుంచో ఉన్నాయి. రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయంటాం. మృగశిర ఎప్పుడొస్తుందని అడుగుతాం. ఇవన్నీ నక్షత్రాల పేర్లు. సూర్యుడు ఏ నక్షత్రంలో ఉంటే ఆ కార్తె, పదమూడు పద్నాలుగు రోజులు. గుంటూరు జిల్లాలో మిరపనారు పోసే రైతుకు ఖగోళశాస్త్రం తెలియకపోవచ్చు, కార్తెలు మాత్రం తెలుసు.

ఇంకొకటి చెప్తాను, నాకు చాలా ఇష్టమైనది. తొలకరి పడ్డాక తడిసిన నేలమీద ఎర్రటి మఖమల్ గుడ్డ ముక్కలాంటి పురుగు పాకుతుంది. చిన్నప్పుడు అగ్గిపెట్టెలో పెట్టుకుని బడికి తీసుకెళ్లేవాళ్లం. ఆరుద్ర పురుగు. ఆరుద్ర కార్తెలో కనిపిస్తుంది కాబట్టి ఆ పేరు. ఆరుద్ర అంటే ఆకాశంలో ఉన్న నక్షత్రం. ఇంగ్లీషులో బెటల్‌జ్యూస్ అంటారు, అదీ ఎర్రటి నక్షత్రమే. కాంతికే అక్కణ్ణుంచి ఇక్కడికి రావడానికి వందల ఏళ్లు పడుతుంది. ఆ నక్షత్రం పేరు మనవాళ్లు వేలిగోరంత పురుగుకు పెట్టుకున్నారు. ఈ ఎరుపును చూసి ఆ ఎరుపు గుర్తొచ్చి పెట్టారని నేననను, కార్తెను బట్టే పెట్టారు. అయినా ఆ పురుగును చూసినప్పుడల్లా నాకు ఒళ్లు జలదరిస్తుంది.

ఇక రాకెట్ల కాలానికొస్తాను. నా బాల్యంలో మా వీధిలోకి వచ్చిపడిన మొదటి అంతరిక్షం మాట స్కైలాబ్. "వచ్చిపడిన" అని తెలిసే అంటున్నాను.

1979 జూలై. నాకు పదిహేనేళ్లు. అమెరికావాళ్లు 1973లో పైకి పంపిన అంతరిక్ష కేంద్రం స్కైలాబ్, డెబ్భై టన్నులకు పైగా బరువున్నది, అదుపు తప్పి కిందికి దిగిపోతోందని రేడియోలో చెప్పారు. ఎక్కడ పడుతుందో ముందే తెలియదన్నారు. ఈ రోజు పిల్లలకు ఈ కథ చెప్తే నవ్వుతారు. నవ్వకండి. ఒక్కసారి లెక్కవేయండి. దివిసీమ ఉప్పెన 1977 నవంబరు 19న వచ్చింది. పదివేలమందికి పైగా పోయారు. దానికీ స్కైలాబ్‌కూ మధ్య ఇరవై నెలలు. మా వీధిలో అవనిగడ్డ వైపు బంధువులున్నవాళ్లు ఉన్నారు. ఉప్పెన తర్వాత అక్కడికి వెళ్లి, చూసి, తిరిగొచ్చి ఆ సంగతి మాట్లాడటం మానేసినవాళ్లు ఉన్నారు. సముద్రం లేచి ఊళ్ల మీద పడటం చూసినవాళ్లకు, ఆకాశం నుంచి ఇనుము పడుతుందంటే ఎందుకు నమ్మబుద్ధి కాదు?

ఆ రోజు మా వీధిలో మగ్గాల చప్పుడు లేదు. అది బాగా గుర్తు. పండగ రోజున కూడా ఎక్కడో ఒక గుంటలో ఒక మగ్గం ఆడేది. ఆ రోజు మాత్రం లేదు. పెంచుకున్న కోళ్లు కోసుకున్నారు. పోతే తిని పోదాం అన్నారు. అప్పులిచ్చినవాడు అడగడం మానేశాడు. పిల్లలందరినీ వీధి మధ్యలో చాపలేసి ఒక్కచోట పడుకోబెట్టారు. అమ్మ నిండు గర్భిణి. ఆమెను ఎక్కడ పడుకోబెట్టాలన్నది ఎవరికీ తోచలేదు. ఇంట్లో పడుకుంటే పైకప్పు, బయట పడుకుంటే ఆకాశం. జూలై 11 రాత్రి మన టైము పదిగంటలు దాటాక అది హిందూ మహాసముద్రంలోనూ, ఆస్ట్రేలియా పడమటి అంచులోనూ ముక్కలై పడిపోయింది. మాకు ఆ సంగతి మర్నాడు తెలిసింది. తెలిశాక మొదట లేచింది మగ్గాల చప్పుడే.

ఆ నెలాఖరులో మా చెల్లెలు పుట్టింది. ఎప్పుడు పుట్టిందని ఎవరడిగినా అమ్మ ఇప్పటికీ తేదీ చెప్పదు. "స్కైలాబ్ ఏడు, ఆషాఢం వెళ్లాక" అంటుంది. ఉప్పెన ఏడు, కరువొచ్చిన ఏడు, వాటి వరసలోనే స్కైలాబ్ ఏడు. ఒక మాట భాషలో కలిసిపోయిందనడానికి ఇంతకన్నా గుర్తు ఏం కావాలి? స్కైలాబ్ అని పిల్లలకు పేర్లు పెట్టుకున్నారు, ఆ పేరున్నవాళ్లు ఇప్పుడు నడివయసులో ఉన్నారు. మా వీధిలో మిద్దె మీద నుంచి జారిపడి చెయ్యి మాత్రం విరిగి బతికిన కుర్రాడికి ఆ పేరు పడిపోయింది. వాడి అసలు పేరు నాకిప్పుడు గుర్తులేదు.

ఇక్కడ ఒక మాట చెప్పి ముందుకెళ్తాను. అదే జూలై 11న, 2021లో, గుంటూరు ప్రాంతపు మూలాలున్న శిరీష బండ్ల అంతరిక్షం అంచుదాకా వెళ్లొచ్చింది. తేదీలు కలవడం ఊరికే జరిగిందే. కానీ ఆ సాయంత్రం టీవీ ముందు కూర్చుని, వీధి మధ్యలో చాపల మీద పడుకున్న ఆ రాత్రి గుర్తొచ్చి నేను కాసేపు మాట్లాడలేకపోయాను.

స్కైలాబ్ పడిన నెలకే, 1979 ఆగస్టు 10న, శ్రీహరికోట నుంచి మన మొదటి ఎస్‌ఎల్‌వీ-3 లేచింది. అది కూడా సముద్రంలోనే పడింది. మరుసటి ఏడు, 1980 జూలై 18న, నిలబడింది. 35 కిలోల ఉపగ్రహాన్ని పైన వదిలిపెట్టింది. దాని పేరు రోహిణి. మా నాన్న రేడియో విని, రోళ్లు పగలగొట్టే రోహిణే కదా అన్నాడు. అంత పెద్ద సంగతిని ఆయన కార్తెల్లో పెట్టుకుని అర్థం చేసుకున్నాడు.

మీలో పెద్దవాళ్లు గమనించారో లేదో, ఆ కాలంలోనే మన పోలికల్లో ఒక మార్పు వచ్చింది. అంతకుముందు ఎవరైనా త్వరగా పైకొస్తే తారాజువ్వలా లేచాడనేవాళ్లం. తారాజువ్వను దీపావళికి అందరూ కాల్చారు. అది లేస్తుంది, వెలుగుతుంది, కాలిన పుల్ల ఎవరి డాబా మీదో రాలుతుంది. కాబట్టి ఆ పోలికలో లేవడంతో పాటు రాలడం కూడా ఉంటుంది. వినేవాడికి అది తెలుసు. ఇప్పుడు రాకెట్లా దూసుకెళ్లాడంటున్నాం. రాకెట్ తిరిగొస్తుందని ఎవరూ అనుకోరు. గుంటూరు మిర్చియార్డులో నేను విన్నాను, "రేటు రాకెట్లా పోతంది, ఇప్పుడమ్మకు" అని ఒక రైతు ఇంకో రైతును ఆపుతున్నాడు. తారాజువ్వలా పోతోందని చెప్పి ఉంటే రెండోవాడు వెంటనే అమ్మేసేవాడేమో. పోలిక మారితే దాంతోపాటు మనిషి ఆశ కూడా మారుతుంది. తారాజువ్వ అన్న మాట పోతోంది, పిల్లలు దీపావళికి కూడా రాకెట్టే అంటున్నారు, కాగితం మడిచి ఎగరేసేదాన్నీ రాకెట్టే అంటున్నారు. తారాజువ్వ పోకూడదని నాకుంది. తారలను తాకే జువ్వ అన్నంత అందంగా ఇంకెవరు పేరు పెట్టారు?

మా డెస్కులో రాకెట్‌తో ఒక ఇబ్బంది ఉండేది. బ్యాడ్మింటన్ ఆడేది రాకెట్. నేరాల ముఠా పని కూడా రాకెట్. నిప్పులు కక్కుతూ లేచేదీ రాకెట్. ఇంగ్లీషులో స్పెల్లింగ్ వేరు, మనకు రాత ఒక్కటే. ఒకే పేజీలో కిడ్నీ రాకెట్, దాని పక్కనే శ్రీహరికోట రాకెట్ వచ్చిన రోజులున్నాయి. పాఠకులు ఎన్నడూ తికమకపడలేదు. పక్కన ఉన్న మాటను బట్టి తెలుసుకుంటారు.

ఇక పేపరువాళ్లు పుట్టించిన మాటలు. వీటి మీద నాకు ప్రేమ ఉంది, ఫిర్యాదూ ఉంది. విజయవాడ తెలుగు పత్రికలకు పుట్టిల్లులాంటిది. ఇంగ్లీషులో వచ్చిన టెలిప్రింటర్ కాపీని రాత్రి పదకొండు గంటలకు తెలుగు చేసేవాళ్లం. స్పేస్ అని వస్తే ఏం రాయాలి? కొందరు అంతరిక్షం అన్నారు. అది వేదాల నాటి మాట, భూమికీ స్వర్గానికీ నడుమ ఉన్న చోటు. కొందరు రోదసి అన్నారు. అదీ వేదంలోదే, కానీ అక్కడ దాని అర్థం భూమీ ఆకాశమూ రెండూ కలిపి. ఆ జంటమాటను మనవాళ్లు రెండింటికీ అవతల ఉన్న శూన్యానికి వాడేశారు. ఆస్ట్రోనాట్‌కు వ్యోమగామి అన్నారు. చక్కటి మాట. చదువుతుంటే గంభీరంగా ఉంటుంది. కానీ మీ పిల్లల్లో ఎవరైనా పెద్దయ్యాక వ్యోమగామి నవుతానన్నారా? ఆస్ట్రోనాట్ అవుతానంటారు. 2025 జూన్‌లో శుభాంశు శుక్లా అంతరిక్ష కేంద్రానికి వెళ్లినప్పుడు పేపర్లన్నీ వ్యోమగామి అనే రాశాయి, ఇంట్లో అందరం ఆస్ట్రోనాట్ అనే మాట్లాడుకున్నాం.

ప్రయోగం అన్న మాట అలా కాదు. అది నిలబడింది. ఎందుకు నిలబడిందో చూడండి. రాకెట్ పంపడాన్ని హిందీవాళ్లు ప్రక్షేపణ్ అంటారు, అంటే విసరడం. మనం ప్రయోగం అన్నాం. ల్యాబులో చేసేదీ ప్రయోగమే, వ్యాకరణంలో కర్మణి ప్రయోగమూ ఉంది, ఎవరిమీదో చేతబడి ప్రయోగం చేశారనీ అంటాం. కానీ తెలుగువాడి చెవిలో అన్నిటికన్నా ముందు మోగేది అస్త్ర ప్రయోగం. హరికథల్లో, బుర్రకథల్లో, నాటకాల్లో బ్రహ్మాస్త్ర ప్రయోగం విని పెరిగిన జనం మనం. మంత్రం చదివి, గురిపెట్టి వదిలితే తిరుగులేకుండా వెళ్లేది అస్త్రం. కాబట్టి "పీఎస్‌ఎల్‌వీ ప్రయోగం" అనగానే ఎవరూ నిఘంటువు తియ్యలేదు. ఆ తర్వాత వచ్చే "నిప్పులు చిమ్ముకుంటూ నింగిలోకి" అన్న పలుకుబడి కూడా మా డెస్కులో పుట్టింది కాదు. శ్రీహరికోటలో తొలి రాకెట్ లేచింది 1971లో. అంతకు చాలా ముందే తెలుగువాళ్లకు కంఠతా వచ్చిన ఒక కవితలో ఆ మాటలున్నాయి. రాకెట్ వచ్చేసరికి దానికి తగిన వాక్యం మన దగ్గర సిద్ధంగా ఉంది.

నా తప్పు ఒకటి చెప్పాలి. 1994 అక్టోబరు 15న పీఎస్‌ఎల్‌వీ మొదటిసారి విజయవంతమైంది. అంతకుముందు ఏడాది విఫలమైంది కాబట్టి అందరం టెన్షన్‌గా ఉన్నాం. ఆ రాత్రి మొదటి పేజీ నాది. మర్నాడు పొద్దున పేపరు చూసుకుంటే నా హెడ్డింగ్‌లో కక్ష్యకు యవత్తు లేదు. "కక్షలోకి ఉపగ్రహం" అని ఉంది. కడుపులో చెయ్యి పెట్టి తిప్పినట్టయింది. నాలుగు రోజులకు తెనాలి నుంచి ఒక కార్డు వచ్చింది, రిటైరైన తెలుగు మాస్టారి దగ్గర నుంచి. ఒక్క తిట్టు లేదు. కార్డు నిండా చీమల బారులా సన్నటి అక్షరాలతో పాఠం చెప్పారు. సంస్కృతంలో కక్షా, కక్ష్యా రెండు రూపాలూ ఉన్నాయనీ, నడికట్టు అన్న అర్థం ఉందనీ, ఏనుగు నడుముకు బిగించే పట్టెడను కూడా కక్ష్య అంటారనీ రాశారు. హిందీవాళ్లు కక్షా అన్నా వాళ్లకు ఇబ్బంది లేదు, మనకు మాత్రం కక్ష అంటే పగ కాబట్టి ఆ యవత్తును కాపాడుకోవాలి అన్నారు. ఉపగ్రహం భూమి నడుముకు ఒడ్డాణంలా తిరుగుతుందని అప్పటిదాకా నాకు తట్టలేదు. ఆ కార్డు నా దగ్గర ఇంకా ఉంది. అయితే కక్ష్య మాత్రం పేపరు దాటి బయటికి రాలేదు. అంత అందమైన మాటకు నేలమీద పని దొరకలేదు.

మిషన్ సంగతి చూడండి. మన గుంటూరులో ఆ మాట పాతది. 1842లో హేయర్ దొర అనే లూథరన్ మత ప్రచారకుడు గుంటూరు వచ్చాడు. ఆయన తర్వాత మిషన్ స్కూళ్లు, మిషన్ ఆసుపత్రి. అది ఒక మిషన్. ఇంట్లో కుట్టు మిషను ఇంకొకటి, అది యంత్రం. ఇప్పుడు మూన్ మిషన్, మార్స్ మిషన్. చంద్రుడి మీదికి మిషను పంపారంటే మా అత్తయ్య యంత్రం పంపారనే అర్థం చేసుకుంది. ఆమె అర్థంలోనూ తప్పు లేదు.

కౌంట్‌డౌన్ ఎందుకంత తేలిగ్గా వచ్చిందో చాలాకాలం ఆలోచించాను. అంకెలు వెనక్కి లెక్కపెట్టి రాకెట్ వదిలే పద్ధతి మొదట జనానికి కనిపించింది 1929 నాటి ఒక జర్మన్ మూకీ సినిమాలో. తర్వాత నిజం రాకెట్లవాళ్లూ ఆ పద్ధతే పట్టుకున్నారు. మనకెందుకు పనికొచ్చిందంటే, తెలుగులో "రోజులు దగ్గరపడ్డాయి" అంటే మంచి మాట కాదు. "రోజులు లెక్కపెడుతున్నాడు" అంటే మంచం పట్టిన మనిషే గుర్తొస్తాడు. పెళ్లికో, పండక్కో, కొడుకు దుబాయి నుంచి వచ్చే రోజుకో ఆత్రంగా రోజులు తగ్గించుకుంటూ లెక్కపెట్టడానికి అపశకునం లేని మాట మన దగ్గర లేదు. కౌంట్‌డౌన్ వచ్చి ఆ ఖాళీలో కూర్చుంది. ఇప్పుడు పెళ్లి ఇళ్లలో ముసలమ్మలు కూడా "ఇంక కౌంట్‌డౌనే" అంటున్నారు.

"ఇదేమన్నా రాకెట్ సైన్సా?" అన్నది అలాంటిది కాదు. దానికి మన దగ్గర "ఇదేమన్నా బ్రహ్మవిద్యా?" ఎప్పుడో ఉంది, అంతకన్నా బాగుంది. దాన్ని వదులుకోవద్దని నా మనవి.

ఇప్పుడు మిమ్మల్నొకటి అడుగుతాను. ఈ రోజు పొద్దుటి నుంచి మీరు వాడిన అంతరిక్షం మాట ఏది? ఏదీ లేదంటారు. ఇక్కడికి ఎలా వచ్చారు? లొకేషన్ పెట్టించుకుని వచ్చారు. మూడొంతులమంది అలాగే వచ్చి ఉంటారు. ఆ లొకేషన్ ఎక్కణ్ణుంచి వస్తోంది? 20 వేల కిలోమీటర్లకు పైగా ఎత్తున తిరిగే ఉపగ్రహాల నుంచి. కనీసం నాలుగు ఉపగ్రహాల సంకేతాలు మీ ఫోను అందుకుని, ఏది ఎంతసేపటికి చేరిందో లెక్కగట్టి, మీరు ఏ సందు మొదట్లో నిలబడ్డారో చెప్తోంది. మొన్న మా ఇంట్లో చిన్న ఫంక్షను, షామియానా కుర్రాడు ఫోన్ చేసి "లొకేషన్ పెట్టండి సార్" అన్నాడు. నేను పాత అలవాటులో, గవర్నరుపేటలో దిగి, రెండో సందులోకి తిరిగి, రావిచెట్టు దాటాక ఎడమవైపు, ఎవరినడిగినా చెప్తారు అని మొదలుపెట్టాను. అతను ఎంతో మర్యాదగా, "ఎవర్నీ అడగక్కర్లేదు బాబాయ్, లొకేషన్ పెట్టండి చాలు" అన్నాడు. ఆ మాట నన్ను పట్టుకుంది. "ఎవరినడిగినా చెప్తారు" అన్నది మన ఊళ్ల చిరునామాలన్నిటికీ ఆఖరి వాక్యం. దాని చోట్లోకి వచ్చిన మాట లొకేషన్. పైగా దానికి మన "పెట్టు" తగిలించాం. ఉత్తరం రాసినట్టు రాయం, కబురు చెప్పినట్టు చెప్పం. లొకేషన్‌ను పెడతాం, దీపం పెట్టినట్టు. అంతరిక్షం నుంచి వచ్చిన మాటల్లో ఇంత లోతుగా దిగింది ఇంకొకటి లేదు, ఎవరూ దాన్ని అంతరిక్షం మాట అనుకోకపోవడమే దానికి గుర్తు. శాటిలైట్ రైట్స్ కూడా అంతే. మన గాంధీనగరంలో సినిమావాళ్లు ఆ మాట అంటే టీవీకి అమ్మే హక్కులన్నమాటే, ఆకాశంతో వాళ్లకు పనిలేదు.

స్పుత్నిక్ కథ ఇంకా పెద్దది, క్లుప్తంగా చెప్తాను. 1957 అక్టోబరు 4న రష్యావాళ్లు పంపిన 83 కిలోల గోళం. రష్యన్‌లో ఆ మాటకు తోటి ప్రయాణికుడు అని అర్థం. మన కృష్ణా, గుంటూరు జిల్లాల కమ్యూనిస్టు ఇళ్లలో దాన్ని ఎంత సంబరంగా పలికారో పెద్దలు చెప్పేవారు. తర్వాత, అంతరిక్షంలోకి మొదట వెళ్లిన మనిషి గగారిన్ పేరు పిల్లలకు పెట్టుకున్నారు. స్పుత్నిక్ మాత్రం క్విజ్ పుస్తకంలోకి వెళ్లిపోయింది. 2021 కోవిడ్ వేసవిలో టీకాగా తిరిగొచ్చింది. "కోవాగ్జినా, స్పుత్నిక్కా?" అని ఆసుపత్రి గుమ్మం ముందు అడుగుతుంటే నేను విన్నాను. తోటి ప్రయాణికుడు అన్న అర్థం ఆ క్యూలో నిలబడ్డప్పుడు నాకు మళ్లీ గుర్తొచ్చింది.

ప్రయాణికుడంటే ఇంకొకటి. చంద్రయాన్, మంగళ్‌యాన్, గగన్‌యాన్ అంటున్నాం. తెలుగులో యాన్ అని ఆగదు, యానం అవ్వాలి. నేను డెస్కులో ఉన్నంతకాలం చంద్రయానం అని రాయడానికి పోట్లాడాను, నెగ్గలేదు. పేరు కాబట్టి పేరులాగే రాయాలన్నారు. ఒప్పుకుంటాను. కానీ ఆ యానం మనకు కొత్తది కాదని మాత్రం మీరు గుర్తుంచుకోవాలి. ప్రయాణంలో ఉన్నది ఆ యానమే. మన నెహ్రూ బస్‌స్టేషన్‌లో మైకులో రోజంతా "ప్రయాణికులకు గమనిక" అని వినిపిస్తుంది కదా, మచిలీపట్నం బస్సు ఎక్కే ఆ ప్రయాణికుడూ చంద్రయాన్ కూడా ఒకే ధాతువు బిడ్డలు.

ఆఖరిగా ల్యాండింగ్.

2019 సెప్టెంబరు 7, తెల్లవారితే శనివారం. చంద్రయాన్-2 విక్రమ్ ల్యాండర్ చంద్రుడికి రెండు కిలోమీటర్ల పైచిలుకు ఎత్తులో ఉండగా సిగ్నల్ పోయింది. అర్ధరాత్రి దాటి మేలుకుని చూస్తున్న మేమంతా ఎవరి ముఖం ఎవరం చూసుకోలేదు. ఆ రాత్రి తర్వాత సాఫ్ట్ ల్యాండింగ్, హార్డ్ ల్యాండింగ్ అన్న మాటలు అందరికీ వచ్చేశాయి. మా పక్కింటి కుర్రాడు ఉద్యోగం పరీక్షలో ఇంటర్వ్యూ దాకా వెళ్లి ఆగిపోయాడు. ఎలా అయిందిరా అంటే, "చివర్లో సిగ్నల్ పోయింది పెదనాన్నా" అన్నాడు. బాధ చెప్పుకోవడానికి వాడికి ఆ మాట పనికొచ్చింది. ఫెయిలయ్యానని చెప్పడం కన్నా ఆ మాట చెప్పడం వాడికి తేలికైంది. నేను కూడా "మళ్లీ పంపుతారులేరా" అన్నాను. ఇద్దరికీ అర్థమైంది.

మళ్లీ పంపారు. 2023 ఆగస్టు 23. ఆ సాయంత్రం నేను మంగళగిరిలో ఉన్నాను. అమ్మకు డెబ్భై ఏడేళ్లు. చూపు మందగించింది, టీవీకి బాగా దగ్గరగా కుర్చీ వేసుకుంది. తెర మీద గీత కిందికి జారుతోంది, అంకెలు తగ్గుతున్నాయి. ఆమెకు ఇంగ్లీషు రాదు, హిందీ రాదు. మా అందరి ముఖాలూ చూస్తోంది. ఆరుగంటల నాలుగు నిమిషాలకు అక్కడ అందరూ లేచి చప్పట్లు కొట్టారు. అమ్మ నా మోకాలి మీద చెయ్యేసి, "దిగిందా?" అంది. దిగిందమ్మా అన్నాను. "కుదురుగా దిగిందా?" అంది.

కుదురు అంటే ఈ తరం పిల్లలకు తెలియకపోవచ్చు, చెప్తాను. కుండకూ బిందెకూ అడుగు గుండ్రంగా ఉంటుంది. నేలమీద పెడితే దొర్లుతుంది. అందుకని గడ్డితోనో పీచుతోనో చుట్టలా చేసి కింద పెడతారు. అది కుదురు. దాని మీద పెట్టిన కుండ కదలదు, నీళ్లు తొణకవు. అందులోంచే కుదురుగా కూర్చోరా అన్న మాట, జీవితంలో కుదురుకున్నాడన్న మాట. సాఫ్ట్ ల్యాండింగ్‌కు మా డెస్కులో ఎన్నో రాశాం. మృదువుగా దిగడం, సురక్షితంగా దిగడం, మెత్తగా దిగడం, కాలుమోపడం. నాలుగు కాళ్ల మీద ఒరగకుండా, దొర్లకుండా నిలబడటం అన్నది అందులో ఒక్కదానిలోనూ లేదు. చుట్టుకుదురు మీద కుండ పెట్టిన చేతులున్న మనిషికి ఆ మాట వెతుక్కునే పని పడలేదు.

కుదురుగానే దిగిందమ్మా అన్నాను. నేను రిటైరై అప్పటికి ఏడాది దాటింది. డెస్కులో ఉండి ఉంటే ఆ రాత్రి హెడ్డింగ్ అదే పెట్టేవాణ్ణి.